ప్రేతవస్త్రం కొలత

బాపట్ల నుంచి కెనడాలోని వాటర్లూకి చదువుకోవడానికి వచ్చిన ఏనీ, పార్ట్‌టైమ్‌గా నాటకాల బట్టలు కుడుతుంది. పెదాల మధ్య ఎప్పుడూ రెండు గుండుసూదులుంటాయి. ఈసారిది ఐదువందల ఏళ్ల కిందట ఇంగ్లండు వీధుల్లో చేతిపనివాళ్లు ఆడిన లాజరు నాటకం. చనిపోయాక యేసు పిలిస్తే సమాధిలోంచి లేచి వచ్చిన ఆ లాజరుకు ప్రేతవస్త్రం కావాలి. బతికున్న మనిషికి దాని కొలత తీయకూడదని ఇంట్లో విన్నది గనక, ఆ వేషం వేసే ఎరిక్‌ని పిలవకుండా తన ఒంటి కొలతతోనే కుట్టేసింది.

“నువ్వు మాత్రం బతికి లేవా ఏంటే?” అంది రూమ్మేట్ ఇషిత. ఏనీ నోట్లోంచి ఒక సూది తీసి వస్త్రం అంచుకు గుచ్చింది.

రిహార్సల్లో ఎరిక్ పొడవుకి అది చాలలేదు. ఆ పూటకు లాజరుగా ఏనీనే పడుకోబెట్టి, తలవైపూ కాళ్లవైపూ ముడులు వేశారు. కెనడా వచ్చాక మొదటిసారి ఆమెకు చలి వదిలింది. లాజరును బయటికి రమ్మని మూడుసార్లు పిలిచారు. ఏనీకి లేవబుద్ధి కాలేదు.