నేను చదవకుండా సంతకం పెట్టిన కాగితం

మా అన్న అంటే నాకు అసహ్యం. ఆ మాట దాచి ఈ సంగతి రాయలేను.

కోరుట్ల దగ్గరి మా ఊళ్లో మాకు తాతల నాటి భూమి ఏమీ లేదు. మా బాపు రైస్‌మిల్లులో బస్తాలు మోసి ఎకరన్నర కొన్నాడు. ఆయన పోయేనాటికి నేను పెళ్లయి, సిరిసిల్ల పక్కన తంగళ్ళపల్లిలో అంగన్‌వాడీ టీచరుగా చేస్తున్నాను. నెల తిరగకుండానే అన్న ఫోన్ చేశాడు.

"చెల్లె, బాపు పేరు మీదున్న భూమి అవ్వ, నువ్వు, నేను, మన ముగ్గురి పేర్ల మీదికి మార్వాలె. సోమారం కోరుట్లకు రా. సంతకం పెట్టి ఎంబడే పోవచ్చు."

వెళ్లాను. తహశీల్దారు ఆఫీసు వరండా జనంతో కిక్కిరిసి ఉంది. అన్న కాగితాల మీద వేలు పెట్టి చూపించాడు. "జల్ది పెట్టు, మన నంబరు అచ్చింది." పెట్టాను. మా అవ్వకు, అదే మా అమ్మకు, చదువు రాదు; వేలిముద్ర వేసింది. లోపల ఆఫీసరు "ఇష్టంతోనేనా?" అని అడిగితే, అందరికంటే ముందు నేనే అవునన్నాను. బయటికొచ్చాక అన్న మాకు హోటల్లో ఇడ్లీ తినిపించాడు.

రెండేళ్లకు అవ్వ ఒక సంచి పట్టుకుని మా ఇంటికి వచ్చింది. అన్నా వదినా వెళ్లగొట్టారట.

"నా భూమిల నేను గుడిసె ఏసుకుంట అంటిని బిడ్డా. 'నీ భూమెక్కడిది, నువ్వే నాకు రాసిచ్చినవ్ గదా' అన్నడు మీ అన్న."

ఆ రోజు సంతకం పెట్టిన కాగితం నకలు తీయించాను. అది హక్కు విడుదల పత్రం. అవ్వ, నేను మా రెండు పాళ్లూ అన్నకు వదిలేసినట్టు రాసి ఉంది. దాన్ని రద్దు చేయమని కోరుట్ల కోర్టులో కేసు వేశాం.

వాయిదాలకు తిరగడంలోనే ఏళ్లు గడిచాయి. వెళ్లిన ప్రతిసారీ వదిన అందరికీ వినబడేలా అనేది: "పెండ్లి చేసి పంపినంక గూడ పుట్టింటి మీద వడి ఏడుస్తున్నది."

"ఏడుస్తలేను, అడుగుతున్న," అన్నాను ఒకసారి. ఆ తర్వాత ఆమె ముఖం చూడలేదు.

చివరికి నన్ను బోనెక్కించారు. అన్న తరఫు వకీలు మెత్తగా మాట్లాడే మనిషి.

"ఏం పని చేస్తవమ్మా?"

"అంగన్‌వాడీ టీచర్ను."

"పిల్లలకు అక్షరాలు నేర్పుతవా?"

"నేర్పుత."

విడుదల పత్రం నా చేతికిచ్చి రెండో పేజీ చదవమన్నాడు. పైకి చదివాను: "పై భూమిలో నాకు గల హక్కును ఎవరి బలవంతమూ లేకుండా, ఇష్టపూర్వకంగా నా అన్నకు వదులుకుంటున్నాను." ఎక్కడా తడబడలేదు. చదివి ముగించాక గానీ ఏం చేశానో తెలియలేదు.

"అర్థమైందా అమ్మా?"

"ఇప్పుడైంది సార్. ఆ రోజు చదువలే."

"చదువొద్దని ఎవరన్న చెయ్యి వట్టుకున్నరా?"

"లేదు."

వెనక బెంచీ మీద అన్న నవ్వడం వినిపించింది.

అవ్వకు ఆ కాగితం ఎవరు చదివి వినిపించారని, దాని మీద సాక్షి సంతకం చేసిన అన్న దోస్తును మా వకీలు అడిగాడు. "నాకెర్క లేదు సార్," అన్నాడతను. తీర్పు దాని మీదే తేలింది. చదువు రాని అవ్వ వాటా విషయంలో పత్రం చెల్లదు. చదువొచ్చిన నా విషయంలో చెల్లుతుంది.

బయట వరండాలో అన్న నా దగ్గరికొచ్చాడు. "బాపు నిన్ను గీ దినం కోసమే సదివిచ్చినట్టున్నది చెల్లె."

చెప్పు తీశాను. అవ్వ నా చెయ్యి గట్టిగా పట్టుకుంది. "కోర్టుల కొట్టకు బిడ్డా, వాడు గదే కోరుకుంటున్నడు."

నా వాటా కోసం జగిత్యాల కోర్టులో అప్పీలు వేశాను. అది ఇంకా నడుస్తోంది, గెలుస్తానన్న నమ్మకం పెద్దగా లేదు. అవ్వకు దక్కిన అరెకరంలో ఈసారి మక్కజొన్న వేశాం. వర్షం మొహం చాటేసింది. బాపు వేయించిన బోరు నుంచి నీళ్లివ్వనని అన్న మోటారు డబ్బాకు తాళం వేశాడు. అవ్వ రాయి తీసుకుని ఆ తాళం పగలగొట్టింది. అన్న అరుచుకుంటూ పరుగెత్తుకొచ్చాడు.

"నా మొగడు ఏపిచ్చిన బోరు," అంది అవ్వ, స్టార్టరు నొక్కుతూ. "కేసు ఏస్తవా? ఏసుకో పో."

 నేను పార తీసుకుని, మా మడి వైపు కాలువకు గండి కొట్టాను.