సుంకం వాసన పట్టే ముక్కు

మా గూస్‌నెక్ రేవులో పీపాలు చేసే జాబెజ్ పెట్టింగిల్ మామకి సుంకం వాసన తెలుస్తుంది. మాడిన కూర వాసన మనకి ఎలా తెలుస్తుందో ఆయనకి సుంకం అలా తెలుస్తుంది. చేతికి ఏమిచ్చినా ముందు ముక్కు దగ్గర పెట్టుకుంటాడు. కళ్లు మూసుకుని కాసేపు పీలుస్తాడు. ఆ తర్వాత తీర్పు చెబుతాడు. "ఇది కట్టింది" అన్నాడంటే, ఆ వస్తువు లండన్ వాళ్లకి సుంకం కట్టి వచ్చిందని అర్థం. ఇక దాన్ని చచ్చినా ముట్టుకోడు.

ఈ జబ్బు ఆయనకి పుట్టుకతో వచ్చింది కాదు. కాడ్ చేపని పళ్లెంలో తప్ప ఇంకెక్కడా చూడని పెద్దమనుషులు సముద్రానికి అవతల పార్లమెంటులో కూర్చుని, మసాచుసెట్స్‌లో మేం వాడుకునే గాజు మీద, సీసం మీద, రంగుల మీద, కాగితం మీద, టీ మీద సుంకం వేశారు. ఎందుకయ్యా అంటే, మమ్మల్ని పాలించే దొరల జీతాలకట. మమ్మల్ని పాలించమని మేం ఎవరినీ బతిమాలుకోలేదు. దాంతో ఊరికి రోషం వచ్చింది. "లండన్ సరుకు కొనం, వాడం" అని అందరం సభ పెట్టుకుని సంతకాలు చేశాం. చేసి ఇంటికెళ్లి టీ తాగాం. జాబెజ్ మామ ఒక్కడే, సంతకం చేశాక అందులో ఏం రాశారో చదివాడు.

మర్నాడే కిటికీ అద్దాలు పీకేసి గొర్రెతోళ్లు బిగించాడు. చర్చిలో బల్లలకి వేసిన రంగు లండన్‌దని నిలబడే ప్రసంగం వినేవాడు. మా పాదిరి ప్రసంగం సంగతి తెలిసినవాళ్లకి అదెంత త్యాగమో అర్థమవుతుంది. కాగితం మానేసి భూర్జ బెరడు మీద బొగ్గుతో రాసేవాడు. చివరికి కళ్లద్దాలు కూడా తీసేశాడు.

"మామా, అవి చట్టం రాకముందు కొన్నవే కదా," అన్నాను.

"అద్దం అద్దమే అమ్మాయ్. నేను పెట్టుకు తిరిగితే చూసినవాళ్లకి కొనుక్కోవాలని బుద్ధి పుడుతుంది."

ఆ సాయంత్రమే దారిలో మా ఆవుని ఆపి, కెప్టెన్ హాస్కెల్ గారి భార్య అనుకుని, టోపీ తీసి కుశలం అడిగాడు. ఆవు తల ఊపింది. కెప్టెన్ గారి భార్య అంత మర్యాద ఎప్పుడూ చూపించలేదు.

నేను రేవు పక్కన పూటకూళ్ల ఇల్లు నడుపుతాను. నా పేరు డోర్కస్ ట్రాస్క్. మామ తిండికొచ్చాడంటే నా ప్రాణానికొచ్చేది.

"డోర్కస్, ఈ చెంచా ఎక్కడిది?"

"మా అమ్మది మామా."

"మీ అమ్మకి ఎవరిచ్చారు?"

"వాళ్ల అమ్మ."

"ఆవిడకి?"

"ఆవిణ్ణే అడుగు. చర్చి వెనకాల పడుకునుంది."

అప్పుడు చెంచాని ముక్కు దగ్గర పెట్టుకుని పీల్చి, "కట్టలేదులే," అని తినేవాడు. అప్పటికి పులుసు చల్లారిపోయేది. చల్లారిందని నన్ను తిట్టేవాడు.

ఇక కెప్టెన్ హాస్కెల్ గారు ఆ సంతకాలు చేయించిన కమిటీకి పెద్ద. స్వేచ్ఛ అనే మాట పలికితే చాలు, ఆయన గొంతు పూడుకుపోతుంది. ఆయన ఓడలు దీవుల నుంచి చెరకు మడ్డి తెచ్చి, సుంకం కట్టకుండా గుట్టుగా దింపుతాయి. ఆయన ఎరిగిన స్వేచ్ఛ అదే. ఆ మడ్డితో కాచిన రమ్మే నేను అమ్ముతాను, అందుకని ఈ విషయం ఇంతటితో ఆపుతాను.

ఎఫ్రాయిమ్ డాడ్జ్ కూడా మా ఊరివాడే. తెరచాప కొయ్య మీంచి పడి కాలు విరిగాక ఓడ పని పోయింది. భార్య, ఇద్దరు ఆడపిల్లలు. సుంకాల ఆఫీసులో జవాను పని దొరికితే చేరిపోయాడు. రేవులో దిగే సరుకుకి కాపలా కాయాలి. కాపలా అన్నాక కళ్లు తెరుచుకునే ఉండాలి కదా. ఒకరోజు కెప్టెన్ గారి మడ్డి పీపాలు కంటపడ్డాయి. పైవాళ్లకి చెప్పాడు.

ఇంకేముంది, పట్టపగలు ఊరంతా కలిసి వాణ్ణి లాక్కొచ్చారు. సరిగ్గా నా వాకిట్లోనే పొయ్యి పెట్టి తారు కాచారు. ఒంటికి తారు పూసి, ఈకలు అద్ది, బండి మీద ఊరేగిస్తారట. వినడానికి వేడుకగానే ఉంటుంది. పక్క రేవులో ఒకడికి ఇలాగే చేస్తే, తారుతోపాటు వీపు తోలు ఊడొచ్చింది. మంచం దిగకుండానే పోయాడు. ఎఫ్రాయిమ్ చేతులు వెనక్కి కట్టేసి చొక్కా చింపేశారు. వాడి భార్య నా గుమ్మం పట్టుకుని నిలబడిపోయింది. నిజం చెబుతున్నాను, అంత భయం నాకు ఎప్పుడూ వేయలేదు.

అప్పుడు జాబెజ్ మామ అందరినీ తోసుకుంటూ వచ్చి, పొయ్యి ముందు ఆగాడు.

"ఈ తారు ఎక్కడిది?" అన్నాడు.

"కరోలినాది పెట్టింగిల్, మనదే," అన్నాడు కెప్టెన్.

మామ పొగలోకి వంగి పీల్చాడు. "తారు మనదే. కాగు ఎక్కడిది?"

కెప్టెన్ కాగు వంక చూశాడు.

"ఇంగ్లండ్ ఇనుము," అన్నాడు మామ. "వాడం అని సంతకం పెట్టి వాడుతున్నాం."

"ఒక్క పూటకి కాగు ఏదైతేనేమయ్యా?" అన్నాడు కెప్టెన్.

"ముష్టి మూడు పెన్నీల సుంకం, కడితేనేమయ్యా అని పార్లమెంటూ అంటోంది."

మా ఊళ్లో ఒక అలవాటుంది. నలుగురు కూడినచోట ఎవరైనా ఒక సందేహం లేవదీస్తే, అది తేలేదాకా తర్వాతి పనికి పోం. పంది చర్చి దొడ్లో దూరినా, దాన్ని తోలాలా వద్దా అని చేతులెత్తి తేల్చుకున్నాక గాని తోలం. కాగు సంగతి మీద చేతులెత్తారు. కాగు ఓడిపోయింది. పొయ్యి మీంచి దింపేశారు. వేరే కాగు కోసం ఇద్దరు వెళ్లారు.

ఈలోగా మామ చెయ్యి ఈకల కోసం తెచ్చిన దిండు మీద పడింది. అది కెప్టెన్ గారింటిది. మామ కళ్లు మూసుకుని చాలాసేపు పీల్చాడు.

"కట్టింది," అన్నాడు. "గుడ్డ లండన్‌ది. కొత్తది కూడాను."

గుమ్మడికాయల దొంగ అంటే భుజాలు తడుముకున్నట్టు, కెప్టెన్ గారి భార్య ముందుకొచ్చింది. "కొత్తదేమీ కాదు, పోయిన నెలలో కొన్నది," అంది.

ఊరు సంతకాలు చేసి ఏడాది దాటింది. జనమంతా కెప్టెన్ వైపు తిరిగారు.

"మా ఆవిడ ఒంటిమీద బట్ట చిరిగినా మీ మాట మీద కొనలేదు కెప్టెన్," అన్నాడొక జాలరి.

"అది కాదిప్పుడు విషయం," అని అరిచాడు కెప్టెన్. "ఒక్కమాటలో తేల్చేద్దాం. వీడికి తారు పూయాలా, వద్దా? పూయాలన్నవాళ్లు చేతులెత్తండి."

చాలా చేతులు లేచాయి. నేను ఎఫ్రాయిమ్ భార్య చెయ్యి పట్టుకున్నాను.

మామ చుట్టూ చూశాడు. కళ్లద్దాల్లేవు, ఏం కనిపించిందో దేవుడికే తెలియాలి. "ఎఫ్రాయిమ్‌ని అడగలేదేం?" అన్నాడు.

"వాణ్ణెందుకు అడగాలి?"

"పూసేది ఎవరికి?"

"వాడికే."

"మోసేవాణ్ణి అడక్కుండా బరువు పెట్టకూడదని రాజుగారికి అర్జీ రాసింది ఎవరు కెప్టెన్? మీరే కదా. ఎంత బాగా రాశారో. నాకు కళ్లమ్మట నీళ్లొచ్చాయి."

కెప్టెన్ టోపీ సర్దుకున్నాడు.

"అడగడం న్యాయమే," అన్నాడు జాలరి.

"అడగండి మరి. చేతులు కట్టేసుంటే ఎలా ఎత్తుతాడు? విప్పండి," అన్నాడు మామ.

విప్పారు. ఎఫ్రాయిమ్ చెయ్యెత్తి, "నాకు వద్దండీ," అన్నాడు. ఆ గొంతు విన్నాక చాలామంది నేల చూపులు చూశారు. జాలరి మళ్లీ లెక్కపెట్టాలన్నాడు. ఇంకొకడు కెప్టెన్ గారి దిండు సంగతి ముందు తేల్చాలన్నాడు. వాదన ముదిరింది. తారు గడ్డకట్టింది. కాగు కోసం వెళ్లినవాళ్లు రాలేదు. పోటు తీస్తోందని జాలర్లు ఒక్కొక్కరే పడవలకి పోయారు. నేను ఎఫ్రాయిమ్‌ని రెక్క పట్టుకుని వంటింట్లోకి లాక్కెళ్లి తలుపు గడియ పెట్టాను.

లోపల నా పులుసు మాడి బొగ్గయింది. ఆ కంపుకి ఎఫ్రాయిమ్ దగ్గుతున్నాడు, వాడి భార్య గౌను అంచు ముక్కుకి అడ్డం పెట్టుకుంది, నాకు కళ్లు మండుతున్నాయి. పెరటి దారిన వచ్చిన మామ తీరిగ్గా బల్ల మీద కూర్చున్నాడు.

"ఏం వండావమ్మాయ్? ఆకలి దంచేస్తోంది."

నేను తెల్లబోయి చూశాను. "నీకు కంపు తెలియడం లేదా మామా?"

"చిన్నప్పుడు మశూచి వచ్చింది కదా. అప్పణ్ణించీ ఈ ముక్కు చూపుకే."

"మరి ఇన్నాళ్లూ అంతంతసేపు పీల్చావే?"

"ముక్కు దగ్గర పెట్టుకుంటే ఎవరూ తొందరపెట్టరు అమ్మాయ్. ఏం చెబితే ఎవరు బాగుపడతారో కాసేపు ఆలోచించుకోవచ్చు."

నాకు నవ్వూ ఏడుపూ ఒకేసారి వచ్చాయి. మామ మాత్రం ఎఫ్రాయిమ్ వైపు తిరిగి, "ఆ ఉద్యోగం వదిలెయ్. నా దగ్గర పీపాలు చెయ్యి," అన్నాడు.

"నాకు ఆ పని రాదు మామా."

"రాకపోవడమే మంచిది. వంకరగా ఉంటే ఇంగ్లండ్‌వి కావని అందరికీ తెలుస్తుంది."

నిజంగానే ఎఫ్రాయిమ్‌కి ఆ పని రాలేదు. వాడు చేసిన ప్రతి పీపా కారేది. ఒకరోజు కెప్టెన్ మండిపడుతూ కొట్లోకి వచ్చాడు, వెనకే తమాషా చూడ్డానికి ఊరంతా వచ్చింది.

"పెట్టింగిల్, సగం మడ్డి దారి పొడుగునా కారిపోయింది."

ఎఫ్రాయిమ్ తలెత్తకుండా చెక్క చిత్రిక పడుతున్నాడు. మామ ఆ పీపా మీదకి వంగి, కళ్లు మూసుకుని, చాలాసేపు పీల్చాడు.

"తప్పు పీపాది కాదు కెప్టెన్," అన్నాడు. "ఇది సుంకం కట్టని మడ్డి. దానికి స్వేచ్ఛ అలవాటైపోయింది."

కెప్టెన్ ఇంకో పది పీపాలు చేయమని చెప్పి వెళ్లాడు. పాపం ఏం చేస్తాడు, ఊరందరి ముందూ స్వేచ్ఛ కాదనలేడు కదా.