ట్యూబు పట్టుకున్న మూడో మనిషి

మరిపెడ దగ్గరి తండాలో ఉండే నీలికి ఈత రాదు. ఆకేరు వాగు ఇళ్లలోకి వచ్చిన ఆ ఆదివారం పొద్దున ఆమెకు, కూతురు అనితకు దొరికిన ఆధారం ఒక ట్రాక్టరు ట్యూబు.

వెనక గోడ కూలగానే నీలి కూతుర్ని ట్యూబు మీదికి ఎక్కించి, తానూ సగం ఎక్కింది. వరద ఇద్దరినీ చేల మీదుగా ఈడ్చుకుపోయింది. అంతలో పక్క ఊరి సరోజన కొట్టుకొచ్చి ట్యూబు అంచు పట్టుకుంది. నీలి ఏటా పత్తి ఏరేది ఆమె చేలోనే. బరువుకు ట్యూబు ఒరిగి అనిత మెడదాకా మునిగింది.

"యాడీ!" అని అరిచింది పిల్ల. వాళ్ల భాషలో అమ్మా అని.

నీలి ఆలోచించలేదు. సరోజన చేతిని కాలితో తన్నింది. పట్టు జారిపోయింది. బురదనీళ్లలో సరోజన తల మునిగి మళ్లీ తేలింది.

"నీలీ... నేనే... జర పట్టుకో!"

తన పేరు వినగానే నీలి అటు తిరిగింది. చెయ్యి చాపితే జుట్టు దొరికింది. గట్టిగా లాగింది.

"బిడ్డా, కిందికి దిగు! ఎవ్వలం పైన కూసోవద్దు. చేతులతోని పట్టుకుందాం!" అని కూతురికి చెప్పింది.

తల్లీకూతుళ్లు కూడా నీళ్లలోకి దిగి, ముగ్గురూ అంచు పట్టుకుని వేలాడితే ట్యూబు నిలిచింది. తుమ్మచెట్లకు చిక్కుకుని మధ్యాహ్నం దాకా అట్లాగే ఉన్నారు. చివరికి ఊరివాళ్లు తాళ్లు విసిరి ఒడ్డుకు లాగారు.

ఆ తర్వాత సరోజన కనిపించిన వాళ్లందరికీ తనను కాపాడింది నీలేనని చెప్పింది. తండాకు బియ్యం, దుప్పట్లు పంపించింది. ఎవరు మెచ్చుకున్నా నీలికి ముద్ద దిగేది కాదు. నెల తిరక్కముందే ఆమే సరోజన ఇంటికి వెళ్లింది.

"అక్కా, నేను కాపాడిన్నని చెప్తున్నవ్. ముందుగాల నిన్ను తన్నింది నేనే."

చిక్కుడుకాయలు తుంచుతున్న సరోజన తలెత్తింది. "నాకెరుకే. గీ ఏలు ఇంకా సక్కగ వంగుతలేదు."

"మరెందుకు చెప్పలే?"

"అనిత జాగల నా బిడ్డ భావన ఉంటే నేను గూడ తన్నేదాన్నే. గని మళ్ల చెయ్యి చాపేదాన్నో లేదో నాకెరుక లేదు. నువ్వు చాపినవ్."

నీలి కొంగుతో మొహం కప్పుకుని ఏడ్చింది. సరోజన చిక్కుడుకాయల చాట పక్కకు జరిపి, దగ్గరికొచ్చి కూర్చుంది.

అనిత ఇప్పుడు మహబూబాబాద్‌లో నర్సు చదువు చదువుతోంది. వరద మాట వస్తే నీలి తన గొప్ప చెప్పుకోదు. "ఆ అక్క మళ్ల తేలింది. నేను చేసింది దిద్దుకునేతందుకు నాకు ఇంకో గడియ దొరికింది. గది చాలు నాకు" అంటుంది.