కకిరిగుమ్మ కొండ గోరింక

2022 వానాకాలం. రాయగడలోని ఒక కాలేజీలో నేను లైబ్రేరియన్‌గా చేరి అప్పటికి పంతొమ్మిదేళ్ళు. పుస్తకాలు ఇచ్చి పుచ్చుకోవడమే మా పని అనుకుంటారు చాలామంది. ఈ రోజుల్లో పుస్తకాలు అడిగేవాళ్ళు తగ్గిపోయి, ఫోన్‌లో చదివింది నమ్మవచ్చో లేదో తేల్చి చెప్పడమే సగం ఉద్యోగమైంది. అందులో నేను కాస్త మొండిదాన్ని. ఆన్‌లైన్ విజ్ఞాన సర్వస్వంలోని వ్యాసాన్ని ఉన్నదున్నట్టు దించుకొచ్చిన పిల్లలు నా బల్ల ఛాయలకు రారు.

ఆ రోజు వచ్చింది విద్యార్థి కాదు. రైల్వేలో గ్యాంగ్‌మన్‌గా, అంటే పట్టాల మరమ్మతు చేసే పనివాడిగా, రిటైరైన సింహాచలంగారు. మా కాలేజీలో చదివే పక్కింటి అమ్మాయి ఫోన్ పట్టుకుని, గొడుగు గుమ్మం బయట పెట్టి, చెప్పులు కూడా అక్కడే విడిచి లోపలికి వచ్చారు.

“అమ్మా, ఇందల పిట్ట గురించి రాసేరు. నిజిమేనా? మీరు సూసి సెప్తారని పక్కింటి అమ్మి అంది.”

కొండ గోరింక మీద తెలుగు వ్యాసం. నల్లటి ఒళ్ళు, తల వెనక పసుపు తోలు, అంతవరకూ బాగానే ఉంది. ఆయన వేలు ఒక్క వాక్యం మీద ఆగింది. అడవిలోని కొండ గోరింకలు దగ్గరి ఇళ్ళలో మనుషుల మాటలు విని అలాగే పలుకుతాయనీ, తమ పిల్లలకూ నేర్పుతాయనీ ఉంది అక్కడ.

“ఇది తెలిసి ఏం చేస్తారండీ?” అన్నాను.

చెప్పారు. ఆయన కొండల్లోని కకిరిగుమ్మ స్టేషన్‌లో పనిచేసిన రోజుల్లో రైల్వే క్వార్టర్ వెనక చెట్టు మీద ఒక కొండ గోరింక అచ్చం ఆయన భార్య గొంతుతో మాట్లాడేదట. ఆమె జ్వరంతో పోయాక కూడా రెండేళ్ళపాటు ఆ గొంతు చెట్టు మీంచి వినిపిస్తూనే ఉందట. తరవాత ఆయనకు రాయగడ బదిలీ అయింది. అదీ జరిగి ఇరవై ఏళ్ళు.

“పిల్లలకి నేర్పితే ఆ పలుకు ఇంకా ఉంటాది గదమ్మా. ఎల్తే ఇనిపిస్తాది. నా యింటిది ఫోటో ఒకటుంది నా కాడ. గొంతు నేదు.”

అవునండీ, వెళ్ళండి అనాలని నాకు ఎంతగానో అనిపించింది. కానీ చూసి చెప్పమని వచ్చిన మనిషికి చూడకుండా చెప్పలేను.

ముందు సైటేషన్ చూశాను. ఫలానా మాట ఎక్కడి నుంచి తెచ్చారో చూపే ఆధారాన్ని అలా అంటాం. అది ఒక విహారయాత్రల సైటుకు దారి తీసింది. అక్కడ అదే వాక్యం, అక్షరం పొల్లుపోకుండా. తరవాత ఎడిట్ హిస్టరీ తెరిచాను. వ్యాసంలో ఎవరు ఎప్పుడు ఏం మార్చారో అందులో వరసగా ఉంటుంది. మన వాక్యం ముందే ఉంది. ఆ సైటు దాని తరవాత పుట్టింది. వ్యాసం చూసి సైటువాళ్ళు రాసుకున్నారు, ఆ సైటును సాక్షిగా తెచ్చి ఇంకెవరో వ్యాసంలో పెట్టారు. మా బీరువాలోని పక్షుల పుస్తకం వేరేగా చెప్పింది. అడవిలో పెరిగినవి తమ జాతి కూతల్నే ఒకదాన్ని చూసి ఒకటి నేర్చుకుంటాయట. మనిషి మాట పట్టుబడేది గూటి పిల్లగా ఉన్నప్పటి నుంచీ మనిషి చేతిలో పెరిగినవాటికే.

“ఈ వాక్యం నమ్మకండి సింహాచలంగారూ. అక్కడికి వెళ్ళినా వినిపించదు,” అన్నాను.

ఆయనకు కోపం రాలేదు. ముఖం మాత్రం వాడిపోయింది. “మరి నానిన్నదేటి? నాకు సెవుడు నేదమ్మా.”

మా వృత్తిలో చదువరి అడిగిన దాని వెనక ఇంకేం ఉందో తిరిగి అడగడం ఒక పద్ధతి. ఆ పిట్ట ఏమని పలికేదో చెప్పమన్నాను.

“‘వచ్చెస్తన్నాడే, వచ్చెస్తన్నాడు.’ అంతే. నాను పట్టాలంట వస్తంటే అనీది.”

“ఆమె మీతో అలా అనేవారా?”

“నాతో ఎందుకంటాది? నాను వచ్చీవోణ్ణి.”

“మరి ఇంట్లో ఇంకెవరుండేవారు? ఎవరితో అనేవారు?”

“ఎవులూ నేరమ్మా. మాకు పిల్లల్నేరు…” అని ఆగిపోయారు. ఏదో గుర్తొచ్చినట్టు కుర్చీ ముందుకు జరుపుకున్నారు.

“ఓపాలి గాలోనకి ఎండుమాను కూలిపోతే, దాని తొర్రలోని పిట్టపిల్లని కొంగులో ఎట్టుకుని తెచ్చింది. అడివి పిట్ట, పారెస్టోలు సూస్తే నా ఉజ్జోగం పోద్ది, వొదిలీమని కసిరేను. వొదిలీసేనంది. వొదల్నేదమ్మా. నాను సూడకుండా సాకి, రెక్కలొచ్చేక సెట్టు మీద వొదిలుంటాది. పొద్దున్న ఎల్తే సందేలకి వచ్చీవోణ్ణి. నా యింటిదానికి ఊసాడ్డానికి మనిసి నేడు. నానెప్పుడూ అడగనైనా నేదు.”

ఇది మన ఊహే, రుజువు కాదు అని చెప్పబోయి ఊరుకున్నాను. రోజంతా ఒక ఆడమనిషి పిట్టను దగ్గర పెట్టుకుని, వచ్చేస్తున్నాడే అని దానికీ తనకూ ధైర్యం చెప్పుకోవడం నా కళ్ళకు కట్టింది. సాయంత్రం నేను వస్తానని అలా అనుకునే మనిషి నాకు ఎవరూ లేరు. ఆ సంగతి అంత గట్టిగా ఎప్పుడూ తగల్లేదు.

ఆ వాక్యం ఎలాగూ తీసేయాలి. ఆయనకు ఇష్టమైన మాట కదా అని ఆయన వెళ్ళాక తీద్దామనుకున్నాను. ఆయనే అన్నారు:

“తీసీయండమ్మా. అదుంటే పిట్ట ఊరికే నేర్సీసుకుందనుకుంటారు. నేర్పిన మనిసుంది.”

కంప్యూటర్లో వాక్యం చెరిపి, మార్పు భద్రం చేసే బటన్ చూపించాను. దాన్ని ఆయనే నొక్కారు. నొక్కి, “ఇప్పుడక్కడ నా యింటిదాని పేరెట్టండి,” అన్నారు.

అలా పెట్టకూడదనీ, ఎక్కడైనా అచ్చయిన మాటనే అక్కడ రాయాలనీ చెప్పాను.

“దాని గురించి అచ్చులో ఎవులు రాస్తారమ్మా,” అని లేచి, వానలోకి వెళ్ళిపోయారు.

ఆధారం చూపలేనిది అబద్ధమేనని అప్పటిదాకా నాకో పొగరుండేది. పుస్తకాల్లోకి ఎక్కకుండానే వెళ్ళిపోయిన నిజాలు ఎన్నో ఉంటాయని ఆ రోజు తెలిసింది. ఆ వాక్యం తీసినందుకు నాకు విచారం లేదు. పేరు పెట్టకూడదని ఆయనకు చెప్పిన జవాబే ఇన్నాళ్ళూ గుచ్చుతోంది. ఒకే ఒక్క సాక్షి, అదీ చెప్పుడు మాట. నా కొలతకే ఇది నిలబడదు. అయినా ఆయన్నే పేరడిగి అచ్చులో రాస్తున్నాను. కకిరిగుమ్మ రైల్వే క్వార్టర్లో ఒక కొండ గోరింకకు మాటలు నేర్పిన మనిషి పేరు పైడితల్లి.