పూజలో ఉన్న రాయి, పలికిన పెట్టె

కరోనా సద్దుమణిగిన మరుసటి ఏడు. తిరుపతిలో ఒక ఆసుపత్రి న్యూక్లియర్ మెడిసిన్‌లో, అంటే రేడియోధార్మిక మందులతో వైద్యం చేసే విభాగంలో, సేఫ్టీ చూసే ఉద్యోగం నాది. ఏ బల్ల మీద ఏం ఒలికిందో, ఎవరి చేతికి ఏం అంటిందో వెతకడమే పని. అందుకే ఎవరినీ సులువుగా నమ్మను. ఇంట్లోవాళ్లు దీన్ని రోగం అంటారు.

ఒక మధ్యాహ్నం ఐరాల రైతు మునిరత్నం వచ్చాడు. ఆయన భార్యకు మా దగ్గరే థైరాయిడ్ వైద్యం జరిగింది. వెంట ఇస్త్రీ చొక్కా మనిషి ఒకడు, అతని చేతిలో చెక్కపెట్టె, అందులో పసుపు కుంకుమ పెట్టిన పిడికెడంత నల్లరాయి.

“కాలిఫోర్నియం అంటమ్మా. శానా అరుదంట. మామిడితోట ఈయప్పకిచ్చి దీన్ని తీసుకుంటాండా. రేపే రిజిస్ట్రేషన్. నువ్వొకసారి మిషను పెట్టి సూడు,” అన్నాడు మునిరత్నం.

“మీటరు పలికితే కాగితం మింద రాసియ్యండి మేడమ్. రాయిని మాత్రం ముట్టుకోవద్దు, పూజలో ఉండాది,” అన్నాడు రెండోవాడు. పరీక్ష చేయిద్దామన్నది కూడా అతనేనట. నా మొదటి అనుమానం అక్కడే.

రేడియేషన్ తగిలితే టిక్కుటిక్కుమనే సర్వే మీటర్‌ను పెట్టె దగ్గరకు తెచ్చాను. గట్టిగానే పలికింది. మునిరత్నం రాయికి దండం పెట్టుకున్నాడు.

అయినా మనసు ఒప్పుకోలేదు. కాలిఫోర్నియం భూమిలో తవ్వితే దొరకదు. రియాక్టర్లలో, నలుసంత తయారుచేయడమే గగనం. దాన్నుంచి వచ్చే ప్రాణాంతకమైన న్యూట్రాన్లను చెక్కపెట్టె ఆపలేదు.

“ఎన్నాళ్లయింది ఇది మీ దగ్గరుండబట్టి?”

“మూడేండ్లు మేడమ్. మా దేవుడి గదిలోనే ఉండాది.”

పిడికెడు కాలిఫోర్నియం పక్కన మూడేళ్లున్నవాడు నా ముందు నవ్వుతూ నిలబడలేడు. గ్లవ్స్ వేసుకుని రాయిని ఎత్తాను. “అపచారం మేడమ్,” అంటూనే ఉన్నాడతను. పక్కగదిలో పెట్టి కొలిస్తే ఏ గోడ దగ్గరైనా వినిపించేపాటి టిక్కులే. ఖాళీ పెట్టె దగ్గర మాత్రం మళ్లీ అదే గోల. అడుగున అతికించిన ఎర్రగుడ్డ చింపితే, ఒకప్పుడు ఊరేగింపుల్లో గ్యాస్ లైట్లకు కట్టిన మాంటిళ్లు, అంటే వెలుగిచ్చే వల గుడ్డలు, బయటపడ్డాయి. ఆ గుడ్డలకు థోరియం పట్టించేవాళ్లు, అదీ కొద్దిగా రేడియోధార్మికమే. తలెత్తేసరికి ఇస్త్రీ చొక్కా లేదు.

మునిరత్నం కుర్చీలో కూలబడ్డాడు. “మా నాయన నాటిన చెట్లమ్మా. కుంకుమ సూసి సెయ్యి పెట్టకపోతిని,” అన్నాడు. జాలేసింది. కోపమూ వచ్చింది, ఎక్కువగా నా మీదే. మీటర్ మొదటిసారి పలికినప్పుడే రాసిచ్చివుంటే, ఆ తోట నా సంతకంతో పోయేది. మీటర్ అబద్ధం చెప్పదు, కానీ చప్పుడు దేనిదో కూడా చెప్పదు. అది వెతకాల్సింది మనమే.

ఆ వేసవిలో ఆయన బుట్టెడు మామిడికాయలు తెచ్చాడు. అలవాటుగా మీటర్ తీశాను.

“వీటి మింద గూడా అనుమానమేనామ్మా?”

“ముందు బుట్ట ఖాళీ చెయ్యన్నా,” అన్నాను.