సున్నం మూటలకు భద్రమైన చోటు

నాకు అనుమానం ఎక్కువని మీరంతా అంటారే, నిన్న అరసికెరెలో అది సినిమావాళ్లందరి ముందర రుజువైపోయింది. కాఫీ తాగుతూ వినండి.

ఇన్నేళ్లూ మద్రాసులో సెట్టింగులకు రంగులు పూసినవాణ్ణి. యుద్ధం అయిపోయినంక మొదటిసారి ఆర్టు డైరెక్టరు పని చేతికొచ్చింది. పేద రైతు ఇల్లు కావాలి, అది సెట్టు మాదిరి కనిపించిందా, మళ్లీ రంగుల డబ్బా పట్టిస్తానన్నారు డైరెక్టరు గారు.

మన పావగడ చుట్టుపక్కలంతా తిరిగితే అరసికెరెలో హనుమక్కవ్వ ఇల్లు దొరికింది. ఏం గోడ అది! వానలకు చారలు కట్టి, పగుళ్లిచ్చి, ఓ మూల పొయ్యి పొగకు నల్లబడి ఉంది. ముద్దొచ్చిందనుకోండి. మద్రాసు పెద్దమనుషులు సోమవారం కారులో వస్తారని, నీ ఇల్లు ఊరూరా బొమ్మలో చూస్తారని అవ్వకు చెప్పి వచ్చాను.

ఇక మాతో వచ్చిన పెయింటరు కోదండం సంగతి. నా పని తనకు రాలేదని వాడికి కడుపుమంట. ఇల్లు ఏ వీధిలో అని రెండుసార్లు అడిగాడు. వాడికెందుకు? పైగా షావుకారు ఇంటి సీనుకని తెచ్చిన సున్నం, ఎర్రమన్ను మూటలు మేం దిగిన సత్రంలో వాడి మంచం పక్కనే ఉన్నాయి. పోయి నా గోడకు ఒక్క పూత పూశాడంటే నా పని గోవిందా!

అందుకే శనివారం మూటలన్నీ బండికెత్తించి, వాడికి దొరకని చోట దాచాను. అవ్వ ఇంట్లో. కుంచెలతో సహా. భద్రమని చెప్పి మరీ వచ్చాను. ఆదివారమంతా కోదండం వెంటే తిరిగాను. వాడు గడ్డం గీయించుకుంటుంటే మంగలి అంగడి ఎదురుగా కూర్చున్నాను.

నిన్న కారు దిగితే నా ఇల్లు కనపడలేదు. గోడలు తెల్లగా మెరిసిపోతున్నాయి. కింద ఎర్రమన్ను పట్టె, వాకిట్లో ముగ్గు. వీధిలోని ఆడవాళ్లంతా చేతులకు సున్నంతో నవ్వుతూ నిలబడ్డారు.

"ఏందవ్వా ఇది?" అన్నాను.

"ఏందంటావేందప్పా? పెద్దోళ్లు వస్తారంటివి. సున్నం మూటలు ఇంట్లో దించిపోతివి. నోరు తెరిచి చెప్పనీకె మొగమాటపడినావులే అనుకొంటిమి. ఆ మాత్రం తెలీదా మాకు?"

డైరెక్టరు గారు గోడను చూశారు, నన్ను చూశారు. ఇదే షావుకారు ఇల్లని, ఆ సీను షూటింగు అక్కడే కానిచ్చేశారు. రైతు ఇల్లు బుధవారానికల్లా కావాలన్నారు.

గోడను మళ్లీ పాతగా చేద్దామని ఈ పొద్దున కోదండాన్ని వెంటబెట్టుకొని, బురదనీళ్లు, మసి పట్టుకొని పోతే అవ్వ చీపురుతో గడపలో కూర్చుని ఉంది. సినిమా అయినంక మళ్లీ సున్నం కొట్టిస్తానని కోదండం మాటిచ్చాడు. వాణ్ణి లోపలికి పిలిచి మజ్జిగ పోసింది. గోడకు మరకలు వేయడానికి కూడా ఒప్పుకుంది, ఒక్క షరతు మీద. వాడితో అంది:

"నువ్వు చెయ్యి నాయనా. ఆయప్ప మాత్రం గోడ తట్టుకు రాకూడదు. ఆయప్ప మీద నాకు అనుమానంగా ఉండాది."

పొద్దు గూకేదాకా వీధిలో నిలబడి, కోదండానికి రంగుల డబ్బా అందించాను.