దారం అక్క గడ్డం

దారం అక్క దారాన్ని పళ్ల మధ్య పట్టిందంటే పులి మీసమైనా ఊడి రావాల్సిందే. పదిహేనేళ్లలో ఆమె పీకిన వెంట్రుకలన్నీ కలిపి పేనితే ఓడను కట్టేసే మోకు అవుతుంది. నమ్మనివాళ్లు వెళ్లి ఆమె బ్యూటీ పార్లర్ కుర్చీలో కూర్చోవచ్చు. కళ్లనీళ్లకు మాత్రం పూచీ లేదు.

అలాంటి మనిషికి గడ్డం కింద నల్లగా, గరుగ్గా వెంట్రుకలు మొలిచాయి. నెలసరి ఆగి ఆరు నెలలైంది. అందరి గడ్డాలూ పీకినందుకు అవన్నీ వచ్చి తనకు అంటుకున్నాయని ఆమె లోలోపల నమ్మింది. పైకి చెప్పుకోలేదు.

నెలసరి సంగతి చూపించుకోవడానికి డాక్టరమ్మ దగ్గరికి వెళ్లిన రోజు కూడా పొద్దున్నే తలుపు గడియ పెట్టుకుని గడ్డం నున్నగా చేసుకునే వెళ్లింది.

"ముఖం మీద వెంట్రుకలు వస్తున్నాయా?"

"నాకా? పార్లర్ నడిపేదాన్నండీ నేను!"

డాక్టరమ్మ థైరాయిడ్ పరీక్ష రాసింది. అందులో ఏమీ తేలలేదు. ఇంకో మూడు నెలలు గడిచాయి. నెలసరి రాలేదు.

పార్లర్‌లో తోడుండే తమ్ముడి భార్య ఒక మధ్యాహ్నం ఉండబట్టలేక అనేసింది. "వదినా, నీ తువ్వాలు ఉతికేది నేనే, దాని నిండా నల్ల వెంట్రుకలే. నాకు తెలీదనుకున్నావా?"

"నోర్ముయ్."

"నేను మూస్తాలే. నువ్వు డాక్టర్ దగ్గర తెరువు. మూడు వారాలు నీ గడ్డానికి దారం తగలకుండా ఉంచి వెళ్దాం."

ఆ మూడు వారాలూ దారం అక్క దారం కొసను పళ్లకు బదులు మెడకు చుట్టుకుని పని కానిస్తూ మాస్కు వెనకాల బతికింది. జలుబా అని అడిగినవాళ్లందరికీ తుమ్మి చూపించింది.

డాక్టరమ్మ ముందు మాస్కు తీసింది. ఆవిడ గడ్డం కింద వేలితో తడిమి చూసింది. నెలసరి ఎప్పటి నుంచి గాడి తప్పిందో అడిగింది. మరికొన్ని రక్తపరీక్షలు, స్కానింగ్ చేయించింది. అన్నీ చూశాక చెప్పింది: "దీన్ని పీసీఓఎస్ అంటారు. హార్మోన్ల తేడా. పూర్తిగా పోయేది కాదు గానీ, మందులతో, తిండి మార్పుతో, నడకతో అదుపులో పెట్టుకోవచ్చు."

"ఇంతమంది గడ్డాలు పీకానండీ. అందుకే వచ్చిందా?"

డాక్టరమ్మ నవ్వలేదు. "కాదమ్మా. మీరు చేసిన పని వల్ల వచ్చింది కాదు. పోయినసారే చెప్పి ఉంటే అప్పుడే తేలిపోయేది."

తిరిగి వచ్చాక దారం అక్క షట్టర్ సగం దించి, పదిహేనేళ్లలో మొదటిసారి తన కుర్చీలో తానే తల వెనక్కి వాల్చింది. తమ్ముడి భార్య దారం కొస పళ్ల మధ్య పట్టుకుంది. రెండు లాగులకే కళ్లు నిండాయి.

"నొప్పా వదినా?"

"పట్టు కుదరలేదే నీకు. మళ్లీ లాగు."

కళ్లు మాత్రం తుడుచుకోలేదు.